కటికె దుకాణం నుంచి కౌబాయ్ గుంపులోకి

సింగరేణి బొగ్గుగనుల ఊరు మందమర్రి నుంచి వెళ్లి రోమ్‌లో బతుకుతున్న మనిషికి ఇటలీ సినిమాతో చుట్టరికం కొత్తగా మొదలైంది కాదు. అది తెలుగు హీరో కృష్ణ కలిపిన చుట్టరికం. బొగ్గుబాయిలో ఫస్ట్ షిఫ్ట్ దిగి, ఒంటి మీది బొగ్గుమసి కడుక్కుని ఫస్ట్ షోకి పోయే నాయినలున్న ఊరు అది. 1971లో పద్మాలయా వాళ్లు కృష్ణతో తీసిన 'మోసగాళ్లకు మోసగాడు' అక్కడి పిల్లలకు కౌబాయ్ టోపీని పరిచయం చేసింది. రాసింది ఆరుద్ర, దర్శకుడు కె.ఎస్.ఆర్. దాస్. ఆ గుర్రాలూ నిధివేటా ఏ ఊరివో రోమ్ చేరాక గానీ తెలియదు. వాటిలో చాలా భాగం సెర్జియో లియోనే అనే రోమ్ దర్శకుడి సొత్తు.

లియోనే సినిమాల్లో క్లింట్ ఈస్ట్‌వుడ్ పేరు అందరికీ తెలుసు. ఈస్ట్‌వుడ్ ఎదుట నిలబడిన ఆ లావాటి మనిషి పేరు మాత్రం ఎవరూ అడగరు.

ఆయన మారియో బ్రేగా. 1923లో రోమ్‌లో పుట్టాడు, సినిమాల్లోకి రాకముందు మాంసం కొట్టేవాడు. 1964లో 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్'లో చికో వేషం దక్కింది. ఆ సినిమాను అమెరికా సరుకులా అమ్మడానికి దర్శకుడితో సహా చాలామందికి దొంగ ఇంగ్లిష్ పేర్లు తగిలించారు. బ్రేగా 'రిచర్డ్ స్టయ్‌వెసెంట్' అయ్యాడు. దెబ్బలు తిని ఒళ్లు హూనమైన హీరో పెద్ద పీపాను దొర్లిస్తే, దాని కింద నలిగేది ఈయనే. 1965లో 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్'లో బందిపోటు ముఠా మనిషి. 1966లో 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'లో కార్పొరల్ వాలెస్. బయట ఖైదీలు బ్యాండు వాయిస్తుంటే, లోపల ట్యూకో అనే బందిపోటుని చావగొట్టేది వాలెసే. తర్వాత రైల్లో ట్యూకో ఒంటికి పోవాలంటాడు. ఇద్దరి చేతులకూ ఒకటే సంకెల. ట్యూకో దూకగానే వాలెస్ కూడా కిందపడతాడు, అక్కడే చస్తాడు. చావడంలో ఇంత వెరైటీ చూపించిన సైడ్ విలన్ మన తెలుగు సినిమా విలన్ త్యాగరాజు కాలంలోనూ అరుదే.

ఇంగ్లిష్ ప్రింట్లలో ఆ గొంతు కూడా బ్రేగాది కాదు. పేరు అద్దెది, గొంతు అద్దెది. ఒళ్లు మాత్రమే సొంతం.

యాభై ఆరు దాటాక ఆయన దశ తిరిగింది. లియోనే అండతో కార్లో వెర్డోనే అనే కుర్రాడు 1980లో 'ఉన్ సాక్కో బెల్లో' తీశాడు. హిప్పీగా మారిన కొడుకును ఇంటికి తెచ్చి, పాదిరీని పిలిచి పంచాయితీ పెట్టే తండ్రి బ్రేగా. మాట్లాడేది పక్కా రోమ్ యాస. మరుసటి ఏడు 'బియాంకో, రోస్సో ఎ వెర్డోనే'లో లారీ డ్రైవర్. ముసలామెకు ఇంజెక్షన్ చేసి, గుద్దితే ఇనుములా ఉండే తన చెయ్యి ఈవేళ ఈకలా ఆడిందని మురిసిపోతాడు. పీపా కింద నలిగిన చికో ఇలా నవ్విస్తాడని ఎవరనుకుంటారు! ఆ ఇంజెక్షన్ ముచ్చట రోమ్‌లో ఇప్పటికీ జనం నోళ్లలో నానుతూనే ఉంది.

మందమర్రి మనిషికి ఈ యాస సంగతి బాగా అర్థమవుతుంది. తెలంగాణ యాసను తెలుగు సినిమా ఏళ్ల తరబడి రౌడీకో కమెడియన్‌కో కట్టబెట్టింది. 'బలగం', సింగరేణి బొగ్గు నేపథ్యంలో వచ్చిన 'దసరా' ఒకే నెలలో, 2023 మార్చిలో విడుదలై ఆ యాసకు కథనే అప్పజెప్పాయి. బ్రేగాకు ఆ అదృష్టం పూర్తిగా దక్కలేదు. చివరిదాకా సహాయ పాత్రలే. 1984లో లియోనే ఆఖరి సినిమా 'వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా'లోనూ ముఠాలో ఒకడే. 1994 జులై 23న రోమ్‌లోనే పోయాడు.

ఆయన్ను చూడాలనుకుంటే కౌబాయ్ సినిమాలతో ఆపకండి. 1981 నాటి ఆ లారీ డ్రైవర్‌ని డబ్బింగ్ లేకుండా, సబ్‌టైటిళ్లతో చూడండి.