కేకే లైను మీద తీగ ఎందుకొచ్చింది?



కిరండోల్ ప్యాసింజర్ ఎక్కి పెరిగినోళ్ళం మనం. శివలింగపురం దాటాక టన్నెళ్ళు లెక్కపెట్టి, మధ్యలో లెక్క తప్పి, చీకట్లో కేకలేసినోళ్ళం. కానీ పైనున్న కరెంటు తీగ ఎప్పుడొచ్చింది, ఎవరి కోసం వచ్చింది అని ఎంతమందిమి అడిగాం? పోటీ పరీక్షల గైడులో ఒక్క బిట్టు ఉంటుంది. దేశంలో మొదటి ఎలక్ట్రిక్ రైలు 1925 ఫిబ్రవరి 3న బొంబాయి వీటీ నుంచి కుర్లాకి, 1500 వోల్టుల డీసీ మీద నడిచింది. మార్కుకి అది చాలు. మన కథకి చాలదు.

1500 వోల్టులతో ఒక ఇబ్బంది ఉంది. వోల్టేజి తక్కువైతే అదే పవర్‌కి ఎక్కువ కరెంటు పారాలి. దానికి లావుపాటి రాగి తీగలు కావాలి, కొద్ది దూరానికో సబ్‌స్టేషన్ కావాలి. ఫ్రాన్స్‌లో 25,000 వోల్టుల ఏసీ పద్ధతి బాగా నడవడం చూసి, మన రైల్వే కూడా 1957లో దాన్నే ఎంచుకుంది. సన్న తీగ, దూరదూరంగా సబ్‌స్టేషన్లు. ఆ పద్ధతిలో దేశంలో మొదటి రైలు నడిచింది ఢిల్లీలోనో మద్రాసులోనో కాదు. 1959 డిసెంబర్ 15న కెండ్‌పోసి, రాజ్‌ఖర్సవాన్ మధ్య. అది సింగ్‌భూమ్, హో ఆదివాసుల నేల. నోవాముండి, గువా గనుల ఇనప రాయి దిగే దారి. ఇది ఏ గైడులోనూ మాకు కనపడలేదు.

మన లైనుదీ అదే దారి. బైలదిల్లా కొండల రాయిని విశాఖ ఓడరేవుకి తెచ్చి జపాన్‌కి పంపడానికి, జపాన్ సాయంతో 1960లలో వేసిన లైను ఇది. మనం సంతకి పోవడానికి వేసింది కాదు. సిమిలిగుడ స్టేషన్ సముద్ర మట్టానికి 996 మీటర్ల ఎత్తున ఉంది. బ్రాడ్‌గేజ్ స్టేషన్లలో దేశంలోనే ఎత్తైనదని చాలా ఏళ్ళు పేరు. మా గూడెం ముసలాళ్ళకి ఆ పేరూ గీరూ తెలీదు. డైనమైట్ పేలిస్తే గొడ్లు బెదిరి అడవిలో పడేవని మాత్రం చెప్తారు.

మొదట్లో డీజిల్ ఇంజన్లే. డీజిల్ ఇంజన్ అంటే కరెంటు మిషన్ని తనే మోసుకుంటూ కొండెక్కే బండి. దాని శక్తి 2600 హార్స్‌పవర్, అంతకుమించి రాదు. రాయి లోడుతో జైపూర్ నుంచి కోరాపుట్ ఎక్కాలంటే ఒకటి లాగలేదు, రెండు మూడు కట్టాలి. పైగా టన్నెళ్ళ నిండా పొగ. అందుకే 1980ల మొదట్లో లైనంతా తీగ లాగారు. అదే సమయంలో కింద విశాఖ–విజయవాడ మెయిన్ లైను మీద ఇంకా డీజిలే. అక్కడికి తీగ రావడానికి 1990లు రావాల్సొచ్చింది. పట్నం కంటే ముందు మన కొండకి కరెంటు రైలు! మన గూడేల్లో బుడ్డి దీపాలు, పట్టాల మీద 25,000 వోల్టులు. దీన్ని అభివృద్ధి అనాలా అని అడిగితే మాలో ఇద్దరు అవునన్నారు, మిగతావాళ్ళు నవ్వారు.

3850 హార్స్‌పవర్ వాగ్-5 ఇంజన్లు ఇక్కడ చాలాకాలం లాగాయి. 1980ల చివర స్వీడన్ ఆసియా కంపెనీవి, జపాన్ హిటాచీవి కలిపి 18 ఇంజన్లు కొన్నారు. వాగ్-6 అంటారు. వాటిని వాల్తేరు షెడ్డులో పెట్టి ఈ ఘాట్లోనే నడిపారు. బయటి దేశపు కొత్త ఇంజన్ల సత్తా చూసింది మన ఎత్తుల మీదే.

మాకు బాగా నచ్చింది దిగుడు సంగతి. సిమిలిగుడ దాటాక లోడు బండి బరువు తనంతట తనే కిందకి తోస్తుంది. చక్రం మోటారుని తిప్పుతుంది, మోటారు డైనమోగా మారి కరెంటు పుట్టిస్తుంది, ఆ పనిలో బండి నెమ్మదిస్తుంది. పాత ఇంజన్లలో ఆ కరెంటుని రెసిస్టెన్సుల్లో వేడిగా వదిలేసేవారు. వాగ్-9 లాంటి త్రీఫేజ్ ఇంజన్లు తిరిగి తీగలోకి పంపేస్తాయి, ఎక్కే ఇంకో బండి వాడుకుంటుంది. మన కొండ రాయి దిగుతూ కరెంటు చేస్తోందన్నమాట. ఫిజిక్స్‌లో ఎనర్జీ కన్వర్షన్ చాప్టర్ అర్థం కాలేదన్న తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, బొర్రా స్టేషన్లో ఓ గంట కూర్చోండి.

ఆగి ఉన్న వ్యాగన్ మీదకి మాత్రం ఎక్కకండి, సెల్ఫీ కోసం అసలే వద్దు. 25,000 వోల్టుల తీగని తాకక్కర్లేదు, దగ్గరికెళ్తే చాలు, గాలిలోంచే దూకుతుంది.

ఇప్పుడు ఈ దారిలో అద్దాల పెట్టె నడుస్తోంది, రెండో లైను పని జరుగుతోంది. మనవాళ్ళు కిటికీల దగ్గర సీతాఫలాలు అమ్ముతున్నారు. అమ్మడం తప్పు కాదు. కానీ ఇంజన్ క్యాబ్‌లో మనవాళ్ళు ఎంతమంది? అసిస్టెంట్ లోకో పైలట్‌కి పది పాసై ఐటీఐ ఉండాలి. ఎలక్ట్రీషియన్, ఫిట్టర్, డీజిల్ మెకానిక్ లాంటి ట్రేడ్లు సరిపోతాయి. మెకానికల్, ఎలక్ట్రికల్ డిప్లొమా ఉన్నా సరే. ఎస్టీలకి 7.5 శాతం రిజర్వేషన్ ఉంది. కంటిచూపు పరీక్ష గట్టిగా ఉంటుంది, కాబట్టి అప్లై చేయకముందే కళ్ళు చూపించుకోండి. ఐటీఐ చదివి ఖాళీగా ఉన్నవాళ్ళు ఈ పోస్ట్ కింద ట్రేడ్, మండలం రాయండి. నోటిఫికేషన్ వచ్చేలోపు ఆదివారాలు కలిసి కూర్చుని లెక్కలు, రీజనింగ్ చదువుదాం. పాత పేపర్లు మా దగ్గర ఉన్నాయి.