పేరులోని వెలుగు

హైదరాబాదు నగరమునకు తూర్పు దిక్కున నివసించు జనులు దినమునకు ఎందరి పేర్లను తలచుచుందురో వారికే తెలియదు. వినాయకచవితి లడ్డు వేలముచేత పేరొందిన బాలాపూరునుండి ఒక విద్యార్థి బస్సెక్కి నగరములోనికి పోవుచున్నాడనుకొందము. దారిలో దిల్‌సుఖ్‌నగరు వచ్చును. పూర్వము అచ్చట భూములు గల ఒక ధనికుని పేర ఆ పేట వెలసినదని పెద్దలు చెప్పుదురు. దానికి చేరువనున్న ఎల్.బి. నగరును జనులు రెండక్షరములతోనే పిలిచెదరు. ఆ రెండక్షరముల వెనుక 1966వ సంవత్సరము జనవరి 11వ తేదీన దూరమైన తాష్కెంటు నగరములో కన్నుమూసిన లాల్ బహదూర్ శాస్త్రిగారున్నారని తలచువారు కొందరే. మరికొంత దూరము పోయిన మూసారాంబాగు. ఆ పేరు విన్నవారికి మూసారాముడను భక్తుడెవరో గుర్తుకు వచ్చును. కాని అతడు నిజాము కొలువున సేనానిగా నుండి 1798వ సంవత్సరమున మరణించిన రేమాండ్ అను ఫ్రెంచి దేశస్థుడు. అతనిని హిందువులు మూసారామ్ అనియు, ముస్లిములు మూసా రహీమ్ అనియు పిలుచుకొనిరట. అతని సమాధి నేటికిని ఆ చెంతనే గుట్టమీద నున్నది.

పేరు ఎంత దూరమునుండి వచ్చినను, నోట నానిన కొలది అది మన ఇంటి పేరే యగును. ఈ సంగతి మరచినప్పుడే మనము ఇతరుల పేర్లను విని నవ్వుదుము.

అదే బాలాపూరు ప్రాంతమున ఒక పాఠశాలయందు ఎనిమిదవ తరగతిలో క్రొత్తగా ఒక బాలిక చేరినదని ఊహింతము. ఉపాధ్యాయుడు హాజరుపట్టీ చదువుచు "స్వెత్లానా" అని పిలిచెను. తరగతి అంతయు గొల్లున నవ్వినది. ఆ బాలిక తల వంచుకొని "హాజరండీ" అన్నది. ప్రక్క బల్లమీద కూర్చున్న శ్వేత అను బాలిక అందరికంటె బిగ్గరగా నవ్వినది. పాపము, తాను నవ్వుచున్నది తన పేరునకే యని శ్వేతకు తెలియదు.

ఇట్టి పేరు తెలుగు ఇంటికి ఎట్లు వచ్చినదని మీరడుగవచ్చును. పూర్వము సోవియట్ దేశమునుండి తెలుగు పుస్తకములు మన యూళ్లకు విరివిగా వచ్చుచుండెడివి. ఉప్పల లక్ష్మణరావు, రాచమల్లు రామచంద్రారెడ్డి మొదలైన తెలుగు రచయితలు మాస్కో నగరమున నివసించి రష్యను గ్రంథములను తెనిగించిరి. నున్నని కాగితముపై రంగుల బొమ్మలతో అచ్చయిన ఆ పుస్తకములు కొద్దిపాటి వెలకే విశాలాంధ్ర పుస్తకశాలలలో దొరకెడివి. వానిని చదివిన తల్లిదండ్రులు కొందరు తమ పిల్లలకు అందలి పేర్లను పెట్టుకొనిరి. ఆ దేశము 1991వ సంవత్సరమున విడిపోయి, పుస్తకములు వచ్చుట నిలిచిపోయినను, పేర్లు మాత్రము ఇచ్చటనే నిలిచినవి.

ఇక ఆ పేరునకు అర్థమేమి? రష్యను భాషలో "స్వెత్" అనగా వెలుగు. దానినుండి పుట్టినదే స్వెత్లానా. వెలుగు గలది, కాంతిమతి యని తాత్పర్యము. మన సంస్కృతమున "శ్వేత" శబ్దమునకు తెలుపు, ప్రకాశము అని అర్థములు. ఈ రెండు మాటలును ఒక్క తల్లి బిడ్డలని భాషాశాస్త్రవేత్తలు నిర్ణయించిరి. వేల సంవత్సరములకు పూర్వము ఒకే మూలభాషనుండి విడిపోయిన శాఖలలో ఒకటి మన దేశమునకును, ఒకటి రష్యా మైదానములకును చేరినది. ఇంగ్లీషువారు తెలుపును చెప్పు "వైట్" అను మాటయు ఆ కుటుంబములోనిదే. రష్యాలో స్వెత్లానా అను పిల్లను ఇంటివారు ముద్దుగా "స్వేతా" అని పిలుతురు. వాకిట నిలుచుండి "స్వేతా!" అని ఆ తల్లియు, "శ్వేతా!" అని ఈ తల్లియు పిలిచినచో ఏ పిల్ల పలుకవలెనో తెలియక ఇద్దరును పరుగెత్తి రావలసినదే!

మరియొక విశేషము. రష్యనులో "స్వెత్" అను మాటకు వెలుగు అనియే కాక లోకము అనియు అర్థమున్నది. మనకును లోకము, ఆలోకము అను రెండు మాటలు కలవు. రెండును చూచుట యను అర్థము గల ధాతువునుండి వచ్చినవే. ఆలోకమనగా చూపు, వెలుగు. వెలుగున్నచోటనే లోకము కనబడునని ఆ జాతివారును మన పూర్వులును వేరువేరుగా తెలిసికొనిరి గాబోలు.

అర్థము ప్రాచీనమైనను పేరు మాత్రము ప్రాచీనము కాదు. స్వెత్లానా యను పేరు ఏ రాణిదియు కాదు, ఏ పుణ్యస్త్రీదియు కాదు. అది ఒక కవి కలమునుండి పుట్టినది. అలెగ్జాండరు వొస్తోకొవ్ అను రష్యను కవి 1802వ సంవత్సరమున ఒక కావ్యము వ్రాసి, అందలి నాయికకు ఈ పేరు పెట్టెను. ఇతని కథయు వినదగినదే. ఇతడు పుట్టినప్పటి ఇంటిపేరు ఓస్టెనెక్ అను జర్మను మాట. అందలి "ఓస్ట్" అనగా తూర్పు. రష్యనులో తూర్పును "వొస్తోక్" అందురు. తన ఇంటిపేరునే తర్జుమా చేసికొని వొస్తోకొవ్ అయిన ఆ పండితుడు నాయికకు క్రొత్త పేరు కల్పించుటలో వింత యేమున్నది?

ఆ పేరును ఇంటింటికిని చేర్చినవాడు వసీలీ జుకోవ్‌స్కీ అను మరియొక కవి. 1813వ సంవత్సరమున ఆయన "స్వెత్లానా" యను కథాగేయమును ప్రకటించెను. చలికాలపు పండుగరాత్రి కన్నెపిల్లలు తమ భావిని తెలిసికొనుటకు శకునములు చూచుకొనుట ఆ దేశపు ఆచారము. దూరదేశమునకు పోయిన ప్రియునికై బెంగపడుచు స్వెత్లానా దీపమును అద్దమును ఎదుట నుంచుకొని కూర్చుండును. అంతలో భయంకరమైన కల వచ్చును. ప్రియుడు తనను మంచుబండిపై కొనిపోయినట్లును, కడకు తానొక శవపేటిక చెంత ఒంటరిగా నిలిచినట్లును కనబడును. తెల్లవారి ఆమె మేల్కాంచిన పిమ్మట ఆ ప్రియుడు క్షేమముగా తిరిగివచ్చును. చీకటిలో భయపడిన పిల్లకు వెలుగులో మేలు కలిగిన ఈ కథను రష్యను పాఠకులు మిక్కిలి మెచ్చుకొనిరి. కవి ఈ గేయమును తన బంధువులలో ఒక కన్యకు పెండ్లి కానుకగా నిచ్చెను. నాటినుండి ఆమెను స్నేహితులు స్వెత్లానా యనియే పిలువసాగిరి.

అంత ప్రియమైన పేరును తమ పిల్లలకు పెట్టుకొనవలెనని తల్లిదండ్రులకు తోచుట సహజము. కాని అందులకొక ఆటంకము కలిగెను. మన యిండ్లలో బాలసారెనాడు తండ్రి పళ్లెములోని బియ్యముపై ఉంగరముతో పేరు వ్రాయును. ఏ పేరు వ్రాయవలెనన్నది ఇంటివారి యిష్టము. రష్యాలో నాడు అట్లు కాదు. చర్చి పంచాంగములోని పుణ్యపురుషుల, పుణ్యస్త్రీల పేర్లనే శిశువులకు పెట్టవలెను. స్వెత్లానా అను పుణ్యస్త్రీ లేదు గనుక మతాచార్యులు ఆ పేరున జ్ఞానస్నానము చేయించుటకు ఒప్పుకొనరైరి. అందువలన ఇంట స్వెత్లానా యని పిలువబడు పిల్లకు చర్చిలో "ఫొతీనా" అను పేరు ఇచ్చెడివారు. ఫొతీనా గ్రీకు మాట. దానికిని వెలుగనియే అర్థము. వింత యేమనగా, ఆడపిల్లలకు దొరకని ఆ పేరు ఓడలకు దొరకినది. స్వెత్లానా యను పేరు గల యుద్ధనౌకయొకటి 1905వ సంవత్సరమున సుషిమా జలసంధిలో జపానువారితో జరిగిన యుద్ధమున మునిగిపోయినది.

1917వ సంవత్సరపు విప్లవము తరువాత పేర్లపై చర్చి అధికారము పోయెను. ఒక శతాబ్దముపైగా కావ్యములో కాచుకొనియున్న పేరు నాటితో బడి పట్టీలలోనికి ప్రవేశించినది. అటుపిమ్మట కొన్ని దశాబ్దములలో రష్యాలో స్వెత్లానా లేని వీధి లేదన్నంతగా వ్యాపించినది.

ఈ పేరు దాల్చినవారిలో ఒకరి బ్రదుకు మన దేశముతో ముడివడినది. సోవియట్ అధినేత స్టాలిను తన కుమార్తెకు స్వెత్లానా అని పేరు పెట్టెను. ఆమె 1926వ సంవత్సరము ఫిబ్రవరి 28వ తేదీన పుట్టినది. ఆమె తల్లి పేరు నదేజ్ద, అనగా ఆశ. ఆరేండ్ల వయసుననే స్వెత్లానాకు ఆ తల్లి దూరమైనది. లోకము వణకెడి తండ్రి పేరు ఆమెకు నీడయై వెంటాడినది. తండ్రి మరణించిన నాలుగేండ్లకు, 1957వ సంవత్సరమున, ఆమె తండ్రి ఇంటిపేరు విడిచి తల్లి ఇంటిపేరైన అల్లిలూయెవాను తీసికొన్నది. తరువాత మాస్కోలో బ్రజేశ్ సింగ్ అను భారతీయుడు ఆమెకు ఆప్తుడయ్యెను. వారి వివాహమునకు ప్రభుత్వము అనుమతింపలేదు. 1966వ సంవత్సరమున అతడు మరణింపగా, అతని అస్థికలను గంగలో కలుపుటకై ఆమె ఉత్తరప్రదేశములోని కాలాకాంకర్ గ్రామమునకు వచ్చెను. ఆ గంగ యొడ్డున కొన్నాళ్లు నివసించి, 1967వ సంవత్సరము మార్చి 6వ తేదీన ఢిల్లీలోని అమెరికా రాయబార కార్యాలయమున ప్రవేశించి ఆశ్రయము కోరెను. అమెరికాలో మరల పెండ్లియాడి లానా పీటర్సు అయ్యెను. 2011వ సంవత్సరమున అచ్చటనే మరణించెను. ఇంటిపేరును రెండుమార్లు మార్చుకొన్నను, వెలుగు అను పేరులో చివరి తునకనైన ఆమె విడువలేదు.

మరియొక స్వెత్లానా బ్రదుకు వేరు విధమైనది. స్వెత్లానా సవీత్‌స్కయా విమానములు నడపుటలో ప్రపంచవిజేత. 1982వ సంవత్సరమున ఆమె అంతరిక్షమునకు పోయెను. అంతకు పూర్వము స్త్రీలలో వాలెంతీనా తెరెష్కోవా ఒక్కతెయే, అదియు పందొమ్మిదేండ్లకు ముందు, పోయియుండెను. సల్యూత్-7 అను అంతరిక్షకేంద్రమున అడుగిడగానే, అచ్చటనున్న పురుషులలో ఒకడు వేడుకకై ఆమెకు వంటవేళ ముందు కట్టుకొను గుడ్డనొకదానిని చూపి, ఇది నీకై సిద్ధముగా నున్నదనెను. ఆ పరిహాసమునకు ఆమె పనియే సమాధానమైనది. 1984వ సంవత్సరము ఏప్రిల్‌లో, హైదరాబాదులోని సెయింట్ జార్జి గ్రామరు పాఠశాలయందును నిజాము కళాశాలయందును చదివిన రాకేశ్ శర్మ అదే కేంద్రమునకు పోయి వచ్చెను. మూడు నెలల పిమ్మట సవీత్‌స్కయా రెండవమారు అచ్చటికి చేరి, జూలై 25వ తేదీన కేంద్రమునుండి వెలుపలికి వచ్చి, 3 గంటల 35 నిమిషములు శూన్యములో నుండి లోహములను కోయుట, అతుకుట మొదలగు పనులు చేసెను. అట్లు అంతరిక్షమున వెలుపలికి వచ్చిన తొలి స్త్రీ ఆమెయే.

బేలరూస్ దేశపు రచయిత్రి స్వెత్లానా అలెక్సీవిచ్ మూడవది. యుద్ధమున పోరాడిన స్త్రీల మాటలను, చెర్నోబిల్ అణుప్రమాదమున నలిగినవారి మాటలను ఓపికతో విని గ్రంథములుగా వ్రాసెను. ఎవరును వినని సామాన్యుల గొంతులను వెలుగులోనికి తెచ్చిన ఆమెకు 2015వ సంవత్సరమున సాహిత్యమునందు నోబెల్ బహుమతి లభించినది.

ఒకే పేరు; ముగ్గురు స్త్రీలు; మూడు బ్రదుకులు. పేరులో వెలుగున్నంత మాత్రమున బ్రదుకులో వెలుగు దానంతట రాదు. "పేరు గొప్ప, ఊరు దిబ్బ" అను సామెత మన పెద్దలు ఊరక చెప్పలేదు. కన్నవారు బిడ్డ చేతికిచ్చునది ప్రమిద. అందు చమురు పోసి వెలిగించుకొనవలసినది ఆ బిడ్డయే. అయినను ఇంకొకరి చేతి ప్రమిదను చూచి పరిహసించుట మాత్రము ఎవరికిని తగదు. అది ఎంత ప్రేమతో, ఎంత దూరమునుండి తెచ్చి ఇచ్చినదో మనమెరుగము గదా!

ఇక మన తరగతికి పోదము. నవ్వు సద్దుమణగిన పిమ్మట ఉపాధ్యాయుడు నల్లబల్లమీద రెండు పేర్లను ఒకదాని క్రింద నొకటి వ్రాసి, వాని కథ చెప్పెననుకొందము. గంట మ్రోగినప్పుడు శ్వేత ఏమి చేయును? తన బల్లమీద కొంచెము జరిగి, ప్రక్కన చోటు చూపి, "స్వేతా, ఇటు రా" అని పిలుచును. క్రొత్తగా వచ్చిన బాలిక ఈసారి తల యెత్తి, తన పుస్తకముల సంచి తీసికొని వచ్చి ఆమె ప్రక్కన కూర్చుండును.