గురప్పశెట్టి గారి గీత

మా గోడ మీద శ్రీకాళహస్తి కలంకారీ గుడ్డ ఒకటుంది. దగ్గరికెళ్లి చూస్తే నల్లగీత ఒకచోట లావు, ఇంకోచోట సన్నం. వెదురుపుల్లకు చుట్టిన ఉన్నిని వేళ్లు ఎంత నొక్కితే అంత నలుపు. ఆ నలుపేమో బెల్లం నీళ్లలో తుప్పు ఇనుము రోజుల తరబడి నానితే వచ్చేది. కరక్కాయ, పాలు పట్టించిన గుడ్డ మీద పడ్డాకే చిక్కబడుతుంది.

ఈ గీత చూసినప్పుడల్లా జొన్నలగడ్డ గురప్పశెట్టి గారు గుర్తొస్తారు. బడిపంతులు, కలంకారీ చిత్రకారుడు, పుస్తకాలు రాసినవారు, 2008లో పద్మశ్రీ. ఆయన్ని ఏ వరసలో కూర్చోబెట్టాలి? రామాయణం గీసేవాడికి కథ రావాలి, రంగు కాచేవాడికి నీళ్ల గుణం తెలియాలి. ఇవన్నీ వేర్వేరు విద్యలని ఎవరు విడదీశారో, ఎందుకో! స్వర్ణముఖి నదిలో పారే నీళ్లలో గుడ్డ జాడించడం కూడా నాకైతే బొమ్మ గీయడంలాగే తోస్తుంది.