కెమెరాని నిలదీసినావిడ

పొద్దున మా వీధి ఊడ్చే ఆవిడని ఒక కుర్రాడు ఫోన్‌లో రీల్ తీస్తున్నాడు. ఆవిడ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. అయినా వాడు ఆపడే!

డాక్యుమెంటరీలు తీసే ఆనంద్ పట్వర్ధన్ గుర్తొచ్చారు.

బొంబాయి గుడిసెల కూల్చివేతల మీద 1985లో ఆయన తీసిన ‘హమారా షహర్’లో ఒకావిడ ఆయన్నే కడిగేస్తుంది. మమ్మల్ని చూపించి పేరు తెచ్చుకోవడం తప్ప మీవల్ల మాకేం ఒరిగిందని.
ఎడిటింగ్‌లో లేపేస్తే ఎవరికి తెలుస్తుంది?
ఉంచేశారు.

అందులో పాడిన విలాస్ ఘోగ్రే, 1997లో బొంబాయి రమాబాయి నగర్ దళితుల మీద పోలీసు కాల్పుల తర్వాత ఉరేసుకున్నారు. అక్కడ మొదలైన పట్వర్ధన్ డాక్యుమెంటరీ ‘జై భీమ్ కామ్రేడ్’ పూర్తవడానికి 14 ఏళ్లు పట్టింది. (ఏ నిర్మాత ఆగుతాడు చెప్పండి?)

నాకైతే ఆ ఓపిక కన్నా, ఆ తిట్లు ఉంచడమే పెద్ద పనిలా అనిపిస్తుంది.
మీరేమంటారు?