సుసాన్ బుచర్ ఆగిన చోటు

సుసాన్ బుచర్ పేరు వినగానే నాకు ఆమె గెలుపులకన్నా ముందు 1985 నాటి పందెం గుర్తొస్తుంది. అలాస్కాలో యాంకరేజ్ నుంచి నోమ్ దాకా దాదాపు 1,600 కిలోమీటర్లు మంచులో సాగే ఇడిటరోడ్ కుక్కబళ్ల పందెం అది. దారిలో మూస్ అనే భారీ దుప్పి మీదపడి ఆమె కుక్కల్లో రెండింటిని చంపింది, మరికొన్నింటిని గాయపరిచింది. సుసాన్ పందెం నుంచి తప్పుకుంది. ఆ ఏడాది లిబ్బీ రిడిల్స్ గెలిచి, తొలి మహిళా విజేతగా చరిత్రకెక్కింది.

అంత దెబ్బ తిన్నాక మళ్లీ బండి కట్టడానికి ఎంత గుండె నిబ్బరం కావాలి! సుసాన్ మరుసటి ఏడాదే గెలిచింది. 1987, 1988, 1990లోనూ గెలిచింది. గ్రానైట్ అనే కుక్క ఆమె జట్టుకు దారి చూపింది. 2006లో, 51 ఏళ్లకే, లుకేమియా ఆమెను తీసుకుపోయింది.

నా దృష్టిలో ఆ నాలుగు గెలుపులతోపాటు, కుక్కల కోసం ఆగిన ఆ ఒక్క పందెమూ ఆమె ఘనతే.