వంతు

జంషెడ్‌పూర్‌లో సోనారీ పేట దాటి నడిస్తే, ఖర్కాయి నది వచ్చి సువర్ణరేఖలో కలిసే చోటు కనబడుతుంది. ఆ చోటును అక్కడివారు దోముహానీ అంటారు. రెండు ముఖాలు గలదని అర్థం. నాకు పదేండ్ల వయస్సున, 1980 శీతాకాలంలో, అక్కడ ఒక స్త్రీ మోకాలి లోతు నీటిలో కూర్చుండి, పల్లపు చెక్క పళ్ళెంలో ఇసుక పోసి త్రిప్పుచుండగా చూచినాను. బంగారం దొరుకుతున్నదా అని హిందీలో అడిగినాను. ఆమె తల ఎత్తకుండానే, "కిస్మత్ ధోతే హైఁ, బాబూ" అన్నది.

ఆ రెండు ముక్కలను తెలుగు చేయలేక నేను నలభై ఏండ్లకు పైగా అవస్థ పడుచున్నాను. అనువాదం వృత్తిగా స్వీకరించిన తరువాత ఎన్నో కఠినమైన వాక్యాలు చేతికి లొంగినవి గాని, ఇది లొంగలేదు.

ఆ పనిలోని నేర్పు చూడవలసినదే గాని చెప్పనలవి కాదు. బంగారం నీటికంటె పందొమ్మిది రెట్లు బరువైనది. ఇసుక రెండున్నర రెట్లకు కొంచెం పైబడినది మాత్రమే. కనుక పళ్ళెం త్రిప్పేకొద్దీ తెల్లని ఇసుక అంచు దాటి పోతుంది, అడుగున నల్లని ఇనుపరజను మిగులుతుంది, దానిలో ఎప్పుడో ఒకనాడు నూక గింజలో పావు వంతైనా లేని మెరుపు నిలుస్తుంది. పైనున్న కొండల శిలలు యుగయుగాలుగా అరిగి ఈ రేణువులను నదికి ఇస్తున్నవి. వాలెంటైన్ బాల్ అనే భూగర్భ శాస్త్రజ్ఞుడు 1880లో ప్రకటించిన 'జంగిల్ లైఫ్ ఇన్ ఇండియా' అనే గ్రంథంలో ఈ సీమలోని బంగారు కడిగేవారిని గురించి వ్రాసినాడు. ఆ తరువాత 1890 ప్రాంతంలో కలకత్తాలో ఛోటా నాగపూర్ బంగారం పేర కంపెనీలు పుట్టినవి, వాటాలు అమ్ముడుపోయినవి, అంతలోనే కూలినవి. కాగితం మీది బంగారం నీటిలోని బంగారంకంటె త్వరగా కొట్టుకొనిపోతుంది కాబోలు. పళ్ళెంవారు మాత్రం నదిని విడువలేదు.

ఈ నగరం పుట్టినది బంగారం వల్ల కాదు. మయూర్‌భంజ్‌లోని గొరుమహిసానీ కొండలో ఇనుప రాయి ఉన్నదని ప్రమథనాథ బోసు 1904లో వ్రాసిన ఒక జాబు వల్ల సాక్చీ అనే పల్లె నగరమైనది. 1912లో ఉక్కు పోసినారు. 1919లో దానికి జంషెడ్‌పూర్ అని పేరు పెట్టినారు. ఆ ఉక్కు వెంటనే శ్రీకాకుళం ప్రాంతంనుండి మావంటి కుటుంబాలెన్నో ఇక్కడికి వచ్చినవి.

మాటల సంగతికి వస్తాను. కిస్మత్ అరబ్బీ మాట; దాని మూలార్థం పంపకం. నసీబ్ అన్నా వాటాయే. సంస్కృతంలోని భాగ్యం కూడా భాగం నుండి పుట్టినదే. కాని మన నోట అది సంపదకు మారుపేరైపోయినది. మనం నిత్యం వాడే మాట అదృష్టం, అనగా కనబడనిది. హిందీవాడు తన వాటా ఇంతే అంటాడు; తెలుగువాడు తనకు కనబడలేదు అంటాడు. వాటా అన్న చోట పంచినవాడెవడని అడగవచ్చును. కనబడనిదానిని ఎవరిని అడుగుతాం?

నాకీ ప్రశ్న నిఘంటువులో పుట్టలేదు. మా క్వార్టర్ల వరండాలో ఇరవై కుటుంబాల చీటీ ఒకటి నడిచేది. నెలకు ఇంటికి రెండువందల ఏబది రూపాయలు. పాట లేదు, పేర్లు వ్రాసిన కాగితపు ముక్కలు చెంబులో వేసి, పిల్లవానిచేత ఒకటి తీయించేవారు. ఆ పిల్లవాడను నేనే. మొదటి నెల మొత్తం చీటీ పెట్టినవానిది. తక్కిన నెలలు నా చేతిలోనివి. పేరు వచ్చిన ఇంటివారు నా చేతిలో బెల్లపు ముక్క పెట్టి, "మంచి చెయ్యిరా నీది!" అనేవారు. మా నాన్నగారి పేరు మాత్రం రాలేదు. ఆయన చింతించలేదు, అక్క పెండ్లినాటికి వస్తే చాలుననేవారు.

పదునాలుగవ నెల చీటీ పెట్టినవాడు ఆ నెల సొమ్ముతో ఊరు విడిచిపోయినాడు. అప్పటికే మొత్తం తీసుకొన్న తక్కిన పన్నెండిండ్లవారిలో కొందరు, పెద్ద దిక్కే లేనప్పుడు తామెందుకు కట్టవలెనని వాయిదాలు మానినారు. మా మూడువేల ఐదువందలు పోయినవి. అక్క బి.ఏ. చదువు మధ్యలో మాని ఒక చిన్న బడిలో పాఠాలు చెప్పబోయినది. అది 1981వ సంవత్సరం. చీటీ నిధుల చట్టాన్ని పార్లమెంటు మరుసటి ఏడు చేసినది!

నన్ను మరెవ్వరూ చెంబులో చెయ్యి పెట్టమనలేదు. "వాడి చెయ్యి మంచిది కాదు" అని ఎవరో అన్నది నా చెవిని పడినది. చాలాకాలం ఆ మాట నేను నమ్మినాను.

నాన్నగారు, "మనకు అదృష్టం లేదు" అన్నారు. అమ్మ సాధారణంగా ఆయనకు ఎదురు చెప్పేది కాదు. ఆనాడు మాత్రం, "కనబడకపోతే గదండీ అదృష్టం! మన డబ్బు కనబడుతూనే ఉన్నది. ఎదురింటి వరండాలో కుట్టుమిషనై కూర్చున్నది" అన్నది. ఆ తరువాత ఎదురింటివారితో మాటలు ఆగిపోలేదు. పండుగలకు అరిసెలు ఇచ్చిపుచ్చుకొన్నాం. కాని ఆ మిషను చప్పుడు వినబడినప్పుడెల్లా అమ్మ వంటింటి తలుపు దగ్గరగా వేసేది.

దోముహానీకి నేను తరువాత కూడా పోయినాను. ఆ స్త్రీ రేణువులను చిన్న ఆకులో చుట్టి దాచుకొని, వారానికొకమారు దళారికి ఇచ్చేది. తూకం అతనిది, ధర అతనిది. ఎంత ఇస్తాడని అడిగితే, ఆమె నవ్వి మునుపటి మాటే అన్నది: కిస్మత్.

ఈ సంపుటానికై ఒక హిందీ రచనను తెనిగించుచుండగా, సరిగా ఇటువంటి వాక్యమే నాకు ఎదురైనది. మొదట "అదృష్టాన్ని కడుగుతున్నాం" అని వ్రాసినాను. చదువుకొనుటకు బాగానే ఉన్నది. మరునాడు కొట్టివేసి, "మా వంతు కడుక్కుంటున్నాం, బాబూ" అని వ్రాసినాను. వంతు అంటే వాటా. చీటీలో ఎదురుచూచే మలుపు కూడా వంతే. పరిశీలకులు ప్రతి తిరిగి పంపుతూ, ఆ మాట క్రింద పెన్సిలుతో గీత గీసి, ప్రక్కన "అదృష్టం?" అని వ్రాసినారు.

ప్రతి నా బల్లమీదనే ఉన్నది. ఇంకను మార్చలేదు.