అత్తయ్యగారి సాలగ్రామం

మా అత్తయ్యగారి పూజామందిరంలో నల్లటి సాలగ్రామం ఒకటుంది. అది దొరికే గండకీ నదిని చూడాలని ఆవిడకెంతో ఆశ. మోకాళ్ల నొప్పులతో ఆవిడ రాలేక, క్రిందటేడు మావారూ నేనే నేపాల్‌లోని ముక్తినాథ్ వెళ్లొచ్చాం.

పోఖరా నుంచి జీపులో ఒకటే కుదుపులు. కుడివైపు అన్నపూర్ణ 8,091 మీటర్లు, ఎడమవైపు ధవళగిరి 8,167 మీటర్లు. మధ్యలో కాళీగండకి! మధ్యాహ్నమయ్యేసరికి అక్కడి విసురుగాలికి చీరకొంగు నిలవదు.

నది ఒడ్డున ఒక కుర్రాడు నల్లరాయి పగలగొట్టి చూపించాడు. లోపల చుట్టలు తిరిగిన చక్రం! అది సముద్రజీవి గుల్లేనట. సుమారు 5 కోట్ల ఏళ్ల క్రితం మన భూభాగం ఉత్తరానికి జరిగి ఆసియాను గుద్దుకుంటే, మధ్యనున్న టెథిస్ సముద్రం అడుగు పైకి లేచి హిమాలయాలయిందని మా గైడు చెప్పాడు. అవి ఇంకా పెరుగుతూనే ఉన్నాయట.

ఇంటికొచ్చాక రెండ్రోజులు తటపటాయించాను. రోజూ అభిషేకం చేసే దేవుణ్ణి గుల్ల అంటే ఆవిడ మనసు నొచ్చుకోదూ? చివరికి చెప్పేశాను.

నేను సీసాలో తెచ్చిన గండకీ జలం సాలగ్రామం మీద పోస్తూ, "నారాయణుడుండేది సముద్రంలోనే కదుటే, పిచ్చిపిల్లా!" అన్నారావిడ.